టోనీ అయోమీ జీవితం, గిటార్ వాదన: తరచుగా అడిగే ప్రశ్నలు

విజయనగరం కోటకు దగ్గర్లో ఒక చిన్న గదిలో నేను గిటార్ నేర్పుతుంటాను. పాఠానికి వచ్చే పిల్లల్లో ఏటా ఇద్దరు ముగ్గురైనా హెవీ మెటల్ అనే బరువైన రాక్ సంగీతం మీద మనసు పడతారు. ఆ తర్వాత కొద్ది రోజులకే వాళ్ళ అమ్మానాన్నలు నా గుమ్మం దగ్గర నిలబడతారు. పిల్లలు అడిగేవి ఒక రకం, పెద్దలు అడిగేవి ఇంకో రకం. అయినా ఆ ప్రశ్నలన్నీ తిరిగి తిరిగి ఒకే మనిషి దగ్గరికి చేరుతుంటాయి. ఆయనను గురించి ఇన్నాళ్ళూ నోటితో చెబుతూ వచ్చిన జవాబులను ఇక్కడ ఒకచోట రాసి పెడుతున్నాను.

టోనీ అయోమీ ఎవరు? ఆయన పేరు ఎలా పలకాలి?

పూర్తి పేరు ఆంథనీ ఫ్రాంక్ అయోమీ. ఇంగ్లండులోని బర్మింగ్‌హామ్ నగరంలో 1948 ఫిబ్రవరి 19న పుట్టారు. బ్లాక్ సబ్బాత్ బృందాన్ని మొదలుపెట్టిన నలుగురిలో ఒకరు. దాదాపు యాభై ఏళ్ళ కాలంలో ఆ బృందంలో గాయకులు మారారు, డ్రమ్మర్లు మారారు, బేస్ వాయించేవాళ్ళు మారారు గాని, వెలువడిన ప్రతి ఆల్బమ్‌లోనూ వినిపించే చెయ్యి మాత్రం ఆయనదొక్కటే. ఇంటిపేరును చాలామంది 'ఇయోమ్మి' అని చదువుతారు. సరైన ఉచ్చారణ 'అయోమీ', మధ్యలో ఉన్న 'యో' మీద ఊనిక.

హెవీ మెటల్‌కు పునాది వేసిన మేస్త్రీ ఎవరని నన్ను అడిగితే, ఇంకో పేరు కోసం వెతుక్కోకుండా ఈయన పేరే చెబుతాను. గట్టిగా, వేగంగా గిటార్ వాయించినవాళ్ళు ఆయనకు ముందూ ఉన్నారు. కాని నెమ్మదిగా, బరువుగా, మంద్రంలో సాగే ఒక చిన్న స్వరగుచ్ఛం మీద మొత్తం పాటను నిలబెట్టే పద్ధతి ఆయన చేతి నుంచే వచ్చింది.

ఆయన సంగీత కుటుంబంలో పుట్టారా?

వాళ్ళది ఇటలీ మూలాలున్న కుటుంబం. ఇంట్లో అకార్డియన్ వాయించేవాళ్ళు ఉండేవారు, ఆయన కూడా చిన్నప్పుడు అదే నేర్చుకున్నారు. తల్లిదండ్రులకు ఒక్కడే కొడుకు. ఆస్టన్ అనే కార్మికవాడలో వాళ్ళకు చిన్న దుకాణం ఉండేది. నిజానికి ఆయనకు మొదట డ్రమ్స్ మీద మోజు ఉండేది. ఆ చప్పుడును ఇంట్లో భరించడం కష్టమని తేలాక గిటార్ వైపు తిరిగారు. ది షాడోస్ అనే బృందంలోని హ్యాంక్ మార్విన్ వాయించే శుభ్రమైన, పాట లేని వాద్యసంగీతమే ఆయనకు మొదటి ఆదర్శం. చిన్ననాట కిందపడినప్పుడు పై పెదవి మీద గాటు పడిందనీ, దాన్ని కప్పుకోవడానికే తర్వాత మీసం పెంచారనీ ఆయనే చెప్పుకున్నారు.

బర్మింగ్‌హామ్ గురించి ఒక మాట చెప్పాలి. రేకులు కోసే యంత్రాలు, అచ్చుపోసే ప్రెస్సులు, పొద్దున సైరన్ మోగితే గేటు ముందు నిలబడే జనం, ఇదీ ఆ ఊరి తీరు. నెల్లిమర్ల జూట్ మిల్లు షిఫ్టుల లెక్కన పొద్దుపొడుపునూ పొద్దుగుంకునూ కొలుచుకున్న కుటుంబాల పిల్లలకు, గరివిడి ఫెర్రో అల్లాయ్స్ కొలుముల వేడి ఎరిగిన ఇళ్ళ పిల్లలకు ఆ వాతావరణాన్ని వేరే వివరించనక్కర్లేదు.

ఫ్యాక్టరీలో ఆయన వేళ్ళు తెగిన సంగతి నిజమేనా? అసలేం జరిగింది?

నిజమే. 1965లో, ఆయనకు పదిహేడేళ్ళప్పుడు జరిగింది. రేకుల ఫ్యాక్టరీలో వెల్డింగ్ పని చేస్తూనే సాయంత్రాలు బృందాలతో వాయించేవారు. ఒక బృందంతో జర్మనీ వెళ్ళి కచేరీలు చేసే అవకాశం రావడంతో ఉద్యోగం మానేశారు. ఆ రోజే ఆఖరి రోజు. మధ్యాహ్నం భోజనానికి ఇంటికి వచ్చినవాడు 'ఇక తిరిగి వెళ్ళను' అన్నారట. తల్లి ఒప్పుకోలేదు. మొదలుపెట్టిన రోజు పూర్తి చేసి రావాలని పంపించింది.

రేకును నొక్కి కోసే యంత్రం దగ్గర పనిచేసే మనిషి ఆ రోజు రాలేదు. ఆ యంత్రం మీద అలవాటు లేని ఈయనను అక్కడ నిలబెట్టారు. యంత్రం కుడిచేతి మీదికి దిగింది. ఉలికిపడి చేతిని వెనక్కి లాక్కున్నారు, ఆ లాగడంలో మధ్యవేలి కొస, ఉంగరపువేలి కొస ఊడిపోయాయి. ఆయనది ఎడమచేతి వాటం. అంటే తీగలను మీటేది ఎడమచెయ్యి, మెట్ల మీద తీగలను నొక్కేది కుడిచెయ్యి. పోయినవి ఆ నొక్కే వేళ్ళు. ఇక గిటార్ సంగతి మరిచిపొమ్మని వైద్యులు చెప్పారు.

ఈ ఘట్టం చెప్పేటప్పుడు నా గొంతు కాస్త తడబడుతుంది. తల్లి చెప్పిన మాటలో తప్పేమీ లేదు. మన ఇళ్ళలో ఏ అమ్మయినా అదే చెబుతుంది. పని రాని చోట, శిక్షణ లేకుండా, ఒక పూట కోసం ఒక కుర్రాణ్ణి యంత్రం ముందు నిలబెట్టడం దగ్గరే తప్పు జరిగింది.

మరి మళ్ళీ గిటార్ ఎలా పట్టుకున్నారు?

మంచం మీద కుంగిపోయి ఉన్న ఆయనను చూడడానికి ఫ్యాక్టరీ మేనేజరు ఒక గ్రామఫోన్ రికార్డు తీసుకుని వచ్చారు. వినమన్నారు. తనకు వినాలని లేదని చెప్పినా బలవంతంగా వినిపించారు. వాదన బాగుందని ఒప్పుకున్నాక, ఈ వాయిస్తున్న మనిషి రెండు వేళ్ళతోనే మెట్లు నొక్కుతున్నాడని చెప్పారు. ఆ వాద్యకారుడు జాంగో రైన్‌హార్ట్. 1928లో ఆయన ఉంటున్న బండి అంటుకుని ఎడమచేతి ఉంగరపువేలు, చిటికెనవేలు పనికిరాకుండా పోయాయి. అయినా యూరప్ జాజ్ సంగీతంలో ఆయనంత పేరు తెచ్చుకున్న గిటారిస్టు లేడు.

అయోమీకి చేతులు మార్చుకుని, కుడిచేత్తో మీటడం కొత్తగా నేర్చుకునే దారి ఒకటి ఉండేది. అప్పటికే రెండు మూడేళ్ళ సాధన ఉండడం వల్ల మళ్ళీ మొదటి నుంచి మొదలుపెట్టే ఓపిక తనకు లేకపోయిందని, ఇప్పుడున్న తెలివి అప్పుడుంటే బహుశా మార్చేవాణ్ణేనని తర్వాత చెప్పుకున్నారు. ఆ ఓపికలేనితనం వల్ల మనకు దక్కింది తక్కువేమీ కాదు.

వేళ్ళకు పెట్టుకునే తొడుగులను ఆయనే తయారు చేసుకున్నారా? ఎలా?

గిన్నెలు తోమే ద్రవం వచ్చే ప్లాస్టిక్ సీసా ఒకటి తీసుకున్నారు. దాన్ని కరిగించి ఉండలా చేశారు. చల్లారాక, కాలిన సోల్డరింగ్ ఐరన్ మొనతో అందులో వేలు పట్టేంత గుంట చేశారు. ఆ తర్వాత కత్తితో చెక్కి, గరుకు కాగితంతో గంటల తరబడి రుద్ది, వేలి కొస ఆకారం తెచ్చారు. అంతా అయ్యాక తేలిన సంగతేమిటంటే, ప్లాస్టిక్ తీగను పట్టి ఉంచదు, జారిపోతుంది. అందుకని ఒక పాత తోలు జాకెట్టు నుంచి చిన్న ముక్క కోసి, పైన అంటించి, అది అరిగి నునుపెక్కే దాకా ఓపిక పట్టారు. తోలు మరీ గరుకుగా ఉంటే తీగను లాగేస్తుంది, మరీ నున్నగా ఉంటే తీగ కింద నుంచి తప్పుకుంటుంది. ఆ రెండింటి మధ్య ఒక పదును ఉంది. కచేరీ గిటారిస్టుగా ఆయన జీవితమంతా ఆ పదును మీదే సాగింది. తర్వాత్తర్వాత మెరుగైన తొడుగులు చేయించుకున్నారు గాని, తోలు అంటించే పద్ధతి మాత్రం వదలలేదు.

బొబ్బిలి దగ్గర గొల్లపల్లిలో వీణలు చేసే సర్వసిద్ధి వారి వీధికి నేను పిల్లలను తీసుకువెళ్తుంటాను. పనస దుంగ నుంచి వీణ మొత్తాన్ని తొలిచి తీసే చేతులవి. మైనం వేడిగా ఉండగానే దాని మీద మెట్టును అద్ది, తీగ మీటి విని, వెంట్రుకవాసి జరిపి, మళ్ళీ వింటారు. కొలబద్ద చెప్పిన చోటు కన్నా చెవి చెప్పిన చోటే వాళ్ళకు ప్రమాణం. అయోమీ తొడుగుల కథ అక్కడ నిలబడి చెబితే పిల్లలకు ఇట్టే పట్టుబడుతుంది. తొడుగు వేసిన వేలికి స్పర్శ ఉండదు. తీగ వేలి కింద ఉందో లేదో, ఎంత గట్టిగా నొక్కుతున్నామో తెలిసేది చెవి వల్లనే.

గాయం వల్లనే ఆయన గిటార్ శ్రుతి తగ్గించారని, దాంతోనే హెవీ మెటల్ పుట్టిందని చదివాము. సరైనదేనా?

సగమే సరైనది. ఈ కథను క్లుప్తంగా చెప్పే తొందరలో రెండు వేరువేరు సంగతులను కలిపేస్తున్నారు.

గాయం తర్వాత మొదట మారింది తీగల మందం. ఆ రోజుల్లో సన్నటి గిటార్ తీగలు అంగట్లో దొరికేవి కావు. తయారు చేయమని కంపెనీలను అడిగితే, అలాంటివి ఎవరూ కొనరని చెప్పి పంపించేశారు. అందుకని బాంజో తీగలను తెచ్చి గిటార్‌కు బిగించుకున్నారు. ఇందులో ఎంత తేడా వస్తుందో లెక్కవేసి చూడవచ్చు. మామూలుగా దుకాణాల్లో దొరికే తీగల కట్టలో అన్నిటికన్నా సన్నని తీగ మందం అంగుళంలో వెయ్యింట పది వంతులు. దాని బదులు వెయ్యింట ఎనిమిది వంతుల తీగ వేసి అదే శ్రుతికి బిగిస్తే, బిగువు మూడో వంతుకు పైగానే తగ్గుతుంది. తీగ బరువు మందం వర్గాన్ని బట్టి ఉంటుంది కనుక చిన్న మార్పే పెద్ద ఫలితం ఇస్తుంది. నొప్పి పుట్టే వేలికి అది పెద్ద ఊరట.

శ్రుతి తగ్గించడం తర్వాతి సంగతి. మొదటి రెండు ఆల్బమ్‌లు మామూలు గిటార్ శ్రుతిలోనే ఉన్నాయి. వాటితో కలిపి వాయించుకునే పిల్లలు బిరడాలు తిప్పనక్కర్లేదు. 1971లో వచ్చిన మూడో ఆల్బమ్ 'మాస్టర్ ఆఫ్ రియాలిటీ'లోని కొన్ని పాటల కోసం ఆయన తీగలన్నిటినీ మూడు స్వరస్థానాలు కిందికి దించారు. అలా దించితే బిగువు దాదాపు ముప్ఫై శాతం తగ్గుతుంది. వేళ్ళకు సుఖం, దానితో పాటు మంద్రంలో ఒక నిండుదనం. బేస్ వాయించే గీజర్ బట్లర్ కూడా తన వాద్యాన్ని అంతే దించడంతో రెండూ కలిసి నేల అదిరినట్టు వినిపిస్తాయి. ఇప్పటి మెటల్ బృందాలు దించుతున్న శ్రుతులకు దారి అక్కడే పడింది.

కాబట్టి హెవీ మెటల్ గాయం నుంచి పుట్టిందనడం కన్నా, గాయాన్ని కప్పుకుంటూ ఆయన ఏళ్ళ తరబడి చేసిన ప్రయోగాల నుంచి పుట్టిందనడమే సరైనదని నా అభిప్రాయం.

బ్లాక్ సబ్బాత్ ఎలా ఏర్పడింది?

అయోమీ, డ్రమ్మర్ బిల్ వార్డ్ ఇద్దరూ అంతకుముందు మిథాలజీ అనే బృందంలో కలిసి వాయించారు. అది చెదిరాక గాయకుడి కోసం వెతుకుతూ, ఒక దుకాణంలో అంటించిన ప్రకటన చూసి ఆ ఇంటికి వెళితే, లోపలి నుంచి వచ్చింది ఓజీ ఆస్బోర్న్. బడిలో తన కన్నా ఒక ఏడాది వెనక చదివిన ఆ కుర్రాణ్ణి చూడగానే అయోమీ గుర్తుపట్టారు, పాడగలడని మాత్రం నమ్మలేదు. 1968లో గీజర్ బట్లర్‌తో సహా కలిసి మొదలుపెట్టిన బృందానికి మొదట పోల్కా టల్క్ అని, తర్వాత ఎర్త్ అని పేరు. ఆ రెండో పేరుతో ఇంకో బృందం ఉందని తెలిశాక, 1969లో, ఒక పాత భయానక చిత్రం పేరు తీసుకున్నారు.

మధ్యలో కొద్ది వారాలు ఆయన జెత్రో టల్ అనే పెద్ద బృందంలోకి వెళ్ళి వచ్చారు. అక్కడ పొద్దున్నే తొమ్మిది గంటలకల్లా సాధనకు కూర్చునే క్రమశిక్షణ చూశారు. వెనక్కి వచ్చాక తనవాళ్ళనూ అలాగే పొద్దున్నే లేపి కూర్చోబెట్టారు. సాధన సమయం గురించి నా దగ్గర వాదించే పిల్లలకు ఈ సంగతి ప్రత్యేకంగా చెబుతాను.

మొదటి ఆల్బమ్ ఒక్క రోజులో రికార్డు చేశారంటే నమ్మవచ్చా?

నమ్మవచ్చు. 1969 అక్టోబరులో లండన్‌లోని ఒక స్టూడియోలో, కచేరీలో వాయించినట్టే అందరూ కలిసి వాయించి, సుమారు పన్నెండు గంటల్లో ముగించారు. 1970 ఫిబ్రవరి 13, శుక్రవారం నాడు విడుదలయింది. అదే ఏడాది సెప్టెంబరులో వచ్చిన 'పారనాయిడ్' బ్రిటన్‌లో మొదటి స్థానానికి చేరింది. ఆ ఆల్బమ్‌కు పేరిచ్చిన పాట, నిడివి చాలక ఆఖరున అర గంటలోపే కట్టినది.

అది దయ్యాల సంగీతమని అంటారు. పిల్లలు వినడం మంచిదేనా?

ఒక తల్లి నన్ను సూటిగా అడిగారు: "మేస్టారూ, ఇంట్లో దీపం పెట్టే వేళ ఆ పాట పెడుతున్నాడు, అపశకునం కాదు గదా?" ఆమె భయాన్ని నేను తేలిగ్గా తీసుకోలేదు. హార్మోనియం ముందుకు జరిపి ఆ పాటలోని మూడు స్వరాలను వాయించి చూపాను.

బృందం పేరే పేరుగా గల ఆ పాటలో గిటార్ వాయించేది షడ్జమం, పై షడ్జమం, ఆ తర్వాత వాటికి సరిగ్గా నడుమ ఉన్న స్వరం. షడ్జమం నుంచి ఆరు స్వరస్థానాల దూరంలో ఉండే ఆ స్వరాన్ని యూరప్‌లో పూర్వం సంగీతంలోని సైతాను అన్నారు. మనం దాన్ని ప్రతిమధ్యమం అంటాం. కల్యాణి రాగానికి ప్రాణం ఆ స్వరమే. మేళకర్తల్లో రెండో సగం ముప్ఫై ఆరూ దాని మీదే నిలబడ్డాయి. మంగళప్రదమని మనం పాడుకునే స్వరాన్ని, పక్కన పంచమం ఇవ్వకుండా, ఎక్కడికీ పరిష్కరించకుండా, నెమ్మదిగా సాగదీసి వదిలితే దిగులు పుడుతుంది. అయోమీ చేసింది అదే. స్వరంలో దోషం లేదు, దాన్ని ఎలా నిలబెట్టారన్న దాంట్లోనే రసం ఉంది.

ఆదిభట్ల నారాయణదాసు గారు తొలి ప్రిన్సిపాల్‌గా, ద్వారం వెంకటస్వామి నాయుడు గారు వయొలిన్ ఆచార్యులుగా ఉన్న సంగీత కళాశాల 1919 నుంచి ఈ ఊళ్ళో ఉంది, ఘంటసాల చదివినదీ అక్కడే. అలాంటి చోట పెరిగే పిల్లలు ఒక స్వరాన్ని చూసి భయపడకూడదని నా కోరిక. పాటల మాటల విషయానికొస్తే, వాటిలో ఎక్కువ భాగం గీజర్ బట్లర్ రాశారు. యుద్ధం, అణ్వాయుధాలు, మత్తుమందులు, మనిషిలోని భయం వాటిలో ప్రధానంగా కనబడతాయి. దయ్యాన్ని ఆరాధించమని చెప్పే మాట వాటిలో లేదు.

పవర్ కార్డ్ అంటే ఏమిటి? దానికీ ఈయనకూ సంబంధమేమిటి?

షడ్జమాన్నీ పంచమాన్నీ మాత్రమే కలిపి మీటితే దాన్ని పవర్ కార్డ్ అంటారు. గాంధారం ఉండదు కాబట్టి అది సంతోషమూ చెప్పదు, విషాదమూ చెప్పదు. తంబురా శ్రుతి ఎరిగిన చెవికి ఈ జంట కొత్తది కాదు. ఆంప్లిఫయర్‌ను దాని శక్తికి మించి నడిపితే వచ్చే గరుకుదనంలో మూడు నాలుగు స్వరాలు కలిపి మీటితే గజిబిజి అవుతుంది. ఈ రెండే అయితే స్పష్టంగా ఉంటాయి. పైగా పంచమం, షడ్జమం కంపనాలు మూడుకు రెండు నిష్పత్తిలో ఉంటాయి గనుక, ఆ గరుకుదనంలో వాటి తేడా కూడా ఒక స్వరంగా పుట్టి, మీటిన షడ్జమానికి కింది స్థాయిలో వినిపిస్తుంది. ఎవరూ మీటని ఆ మంద్రస్వరమే 'బరువు' అని మనకు తోచేది.

అయోమీకి దెబ్బ తగలని వేళ్ళు చూపుడువేలు, చిటికెనవేలు. క్లిష్టమైన తీగల పొందికలు కొన్ని ఆయనకు అందేవి కావు. రెండు మూడు తీగల్లోనే నిండుదనం రాబట్టాల్సిన అవసరం ఆయనను ఇటువైపు నడిపించింది. ఎక్కువగా మీటడం కన్నా మీటినదాన్ని ఎక్కువసేపు మోగనివ్వడం ఆయన పద్ధతి.

ఏ గిటార్, ఏ ఆంప్లిఫయర్ వాడారు?

మొదట ఫెండర్ స్ట్రాటోకాస్టర్. మొదటి ఆల్బమ్ రికార్డింగ్‌లో దాని పికప్ (తీగ కంపనాన్ని విద్యుత్ సంకేతంగా మార్చే భాగం) పాడయిపోవడంతో పక్కనే ఉంచుకున్న గిబ్సన్ ఎస్‌జీ అందుకున్నారు, ఆ తర్వాత దాన్ని విడిచిపెట్టలేదు. బర్మింగ్‌హామ్ వాళ్ళదే అయిన లేనీ కంపెనీ ఆంప్లిఫయర్లు, వాటికి ముందు పై స్థాయి స్వరాలను పెంచే రేంజ్‌మాస్టర్ అనే చిన్న పెట్టె, ఇంతే. తర్వాతి కాలంలో ఆ ఊరి పనివాడు జాన్ డిగిన్స్ చేసిన జేడీ గిటార్ కూడా ఎక్కువగా వాడారు. ఇవన్నీ కొంటే ఆ నాదం వస్తుందనుకునే పిల్లలకు ఖర్చు పెట్టవద్దనే చెబుతాను. నాదంలో ఎక్కువ వాటా చేతిదే.

ఆ బృందం మత్తుమందుల్లో మునిగిపోయిందంటారు. దాచకుండా చెబుతారా?

దాచను. 1972లో లాస్ ఏంజెలెస్‌లో నాలుగో ఆల్బమ్ చేసేటప్పుడు కొకెయిన్ వాడకం విచ్చలవిడిగా సాగిందని వాళ్ళే చెప్పుకున్నారు. అయోమీ కూడా ఆ అలవాటులో చాలా ఏళ్ళు ఉన్నారు. దాని వల్ల పాట మెరుగుపడిందని నేను అనను. 1970ల చివరి ఆల్బమ్‌లు విన్నవారికి ఆ అలసట తెలిసిపోతుంది. 1979లో ఓజీ ఆస్బోర్న్‌ను బృందం నుంచి తప్పించాల్సి రావడానికి తాగుడు, మత్తు ప్రధాన కారణాలు. పెద్దలు ఈ భాగాన్ని పిల్లలకు చెప్పకుండా దాటవేయవద్దని మనవి.

ఓజీ వెళ్ళిపోయాక ఏమైంది?

రానీ జేమ్స్ డియో గాయకుడిగా వచ్చారు. 1980లో వచ్చిన 'హెవెన్ అండ్ హెల్' నా దృష్టిలో అయోమీ వాదనకు శిఖరం. డియో గొంతు తార స్థాయిని అలవోకగా అందుకుంటుంది గనుక గిటార్‌కు కింద విశాలమైన చోటు దొరికింది. ఆ తర్వాత పదిహేనేళ్ళలో ఇయాన్ గిలన్, గ్లెన్ హ్యూజ్, టోనీ మార్టిన్ పాడారు. టోనీ మార్టిన్ కాలపు ఆల్బమ్‌లకు, ముఖ్యంగా 1989 నాటి 'హెడ్‌లెస్ క్రాస్'కు, రావలసిన గుర్తింపు రాలేదని నాకు బాధగా ఉంటుంది. 1997లో తొలి నలుగురు మళ్ళీ కలిశారు. 2006 నుంచి డియోతో హెవెన్ అండ్ హెల్ అనే పేరుతోనే వాయించారు. 2010లో డియో మరణంతో అది ముగిసింది.

1988 డిసెంబరు ఆర్మేనియా భూకంపం తర్వాత నిధుల కోసం చేసిన రికార్డింగ్‌లో అయోమీ వాయించారు. ఏళ్ళ తర్వాత ఇయాన్ గిలన్‌తో కలిసి ఆ దేశంలోని గ్యుమ్రీ పట్టణంలో సంగీత పాఠశాల తిరిగి కట్టడానికి మళ్ళీ పాట చేశారు. తుపానుల తర్వాత బడి పైకప్పులు ఎగిరిపోవడం చూసిన శ్రీకాకుళం, విజయనగరం వాళ్ళకు ఆ పని విలువ తెలుస్తుంది.

క్యాన్సర్‌తోనే కచేరీలు చేశారా?

అవును. 2012 మొదట్లో లింఫోమా అని తేలింది. చికిత్స తీసుకుంటూనే '13' అనే ఆల్బమ్ పూర్తి చేశారు. 2013లో విడుదలై బ్రిటన్‌లోనూ అమెరికాలోనూ మొదటి స్థానంలో నిలిచింది. అమెరికాలో వాళ్ళకు ఆ స్థానం దక్కడం అదే మొదటిసారి. కొన్ని వారాలకొకసారి చికిత్స కోసం ఇంటికి తిరిగి వెళ్ళేలా కచేరీల తేదీలు వేసుకున్నారు. వీడ్కోలు యాత్ర 2017 ఫిబ్రవరి 4న బర్మింగ్‌హామ్‌లో ముగిసింది.

ఆ తర్వాత ఒకే ఒకసారి, 2025 జూలై 5న, వాళ్ళు పెరిగిన ఆస్టన్‌లోని విల్లా పార్క్ మైదానంలో తొలి నలుగురూ వేదిక ఎక్కారు. పార్కిన్సన్ వ్యాధితో నిలబడలేని ఓజీ సింహాసనం లాంటి కుర్చీలో కూర్చుని పాడారు. వచ్చిన ఆదాయం వైద్య సేవా సంస్థలకు చేరింది. పదిహేడు రోజులకు, జూలై 22న, ఓజీ కన్నుమూశారు.

ఏ పురస్కారాలు వచ్చాయి?

బృందానికి 2000లో, 2014లో గ్రామీ పురస్కారాలు, 2019లో గ్రామీ జీవిత సాఫల్య పురస్కారం వచ్చాయి. 2006లో అమెరికాలోని రాక్ అండ్ రోల్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో చోటు దక్కింది.

మా అమ్మాయిది పుర్రచేతి వాటం. గిటార్ కుడిచేత్తోనే నేర్పించాలా?

అన్నం, రాత కుడిచేతికి మార్చినట్టు గిటార్ కూడా మార్చాలని చాలామంది అనుకుంటారు. నేను బలవంతం చేయను. అయోమీ పుర్రచేతి వాద్యకారుడే. ఆయన మొదట కుడిచేతి గిటార్‌ను తిరగేసి వాయించేవారు. అదే సమయంలో ఎడమచేతి గిటార్‌ను తిరగేసి వాయిస్తున్న కుడిచేతివాడొకరు కనబడితే, ఇద్దరూ గిటార్లు మార్చుకున్నారు. కోతి బొమ్మ అంటించిన ఆయన ప్రసిద్ధ ఎస్‌జీ అలా వచ్చిందే. మన ఊళ్ళో ఎడమచేతి గిటార్లు దుకాణాల్లో ఉండవు, విశాఖపట్నం నుంచి తెప్పించుకోవాలి. తాత్కాలికంగా మామూలు గిటార్‌లోనే పై కొసన తీగలు కూర్చునే గాట్ల పట్టీ మార్చి, తీగలను తారుమారు చేసి బిగించుకోవచ్చు. గాట్లు మార్చకుండా తీగలు మాత్రం మారిస్తే మందపు తీగ సన్నని గాటులో కూర్చోక శ్రుతి నిలవదు.

వేలికి దెబ్బ తగిలినవాళ్ళు నిజంగా నేర్చుకోగలరా, లేక ఇది గొప్పవాళ్ళ కథేనా?

నా దగ్గర నేర్చుకున్న ఒక కుర్రాడికి పని చేసే చోట ఎడమచేతి ఉంగరపువేలి కొస పోయింది. కట్టు విప్పిన వారానికే వచ్చి కూర్చున్నాడు. మొదట నేను తొందరపడి చేతులు మార్చమన్నాను. రెండు నెలలు పోయాయి, వాడి మొహంలో కళ పోయింది. అప్పుడు అయోమీ చేసినట్టే చేసి చూద్దామని ఇద్దరం కూర్చున్నాం. మార్కర్ పెన్ను మూతను కోసి, అంచులు గరుకు కాగితంతో రుద్ది, లోపల మెత్తటి గుడ్డ పెట్టాం. చెప్పులు కుట్టే ఆయన పల్చటి మేకతోలు ముక్కలు ఇచ్చారు. మొదటి ముక్క జారింది. రెండోది తీగను పట్టేసి కీచుమనిపించింది. మూడోదాన్ని వాడు వారం రోజులు చొక్కా జేబులో పెట్టుకుని, ఖాళీ దొరికినప్పుడల్లా వేళ్ళతో నలిపి నలిపి తెచ్చాడు. సన్నటి తీగలు వేసి, శ్రుతి రెండు స్వరస్థానాలు దించాం.

గాయం పూర్తిగా మానాక, వైద్యుడు సరేనన్నాకే మొదలుపెట్టాలి. తొడుగు బిగుతుగా ఉండి వేలు నల్లబడితే వెంటనే తీసేయాలి. అరగంటకు మించి సాధన చేయకూడదు. ఆ కుర్రాడు ఇప్పుడు పెళ్ళిళ్ళ ఆర్కెస్ట్రాలో వాయిస్తున్నాడు. తోలు నెలకోసారి మార్చుకుంటాడు, అరిగిన ముక్కలను గిటార్ సంచీలో ఒక అగ్గిపెట్టెలో వేసుకుని తిరుగుతాడు, వాటిలో ఏది బాగా పలికిందో వాడికి గుర్తే.